ముందు కట్ట, తర్వాత కాలవ: మైన్‌క్రాఫ్ట్ అన్‌బ్రేకింగ్, మెండింగ్ రివ్యూ

బ్లాకులు తవ్వి, కట్టి ఆడే వీడియో గేమ్ మైన్‌క్రాఫ్ట్‌లో సామాను ఎక్కువ రోజులు మన్నడానికి ఉన్న ఎన్‌చాంట్‌మెంట్లు (సామానుకి ఎక్కించే మంత్రాలు) రెండే. అన్‌బ్రేకింగ్ అరుగుదల తగ్గిస్తుంది. మెండింగ్ అరిగినదాన్ని ఎక్స్‌పీతో, అంటే ఆటలో సంపాదించే అనుభవం పాయింట్లతో పూడుస్తుంది. రెండూ మంచివేనని ఆడేవాళ్లందరికీ తెలుసు. ఏది ముందు, ఏ సామానుకి, ఎంత ఖర్చులో అన్నదగ్గరే చిక్కంతా. వేసవి సెలవుల్లో నెల్లూరులో ఒకడు, కావలిలో ఒకడు, ఒంగోలులో ఇంకొకడు ఉండి కలిసి ఆడే వరల్డ్‌లో పెట్టెలు తెరిచి చూడండి. మెండింగ్ ఉండి అన్‌బ్రేకింగ్ లేని పికాక్స్‌లు (రాళ్లు తవ్వే పనిముట్లు) రెండు మూడన్నా కనిపిస్తాయి, అన్నిటి కిందా బాగా అరిగాయని చెప్పే ఎర్ర గీతే. మెండింగ్ దొరికిందన్న సంతోషంలో పని అక్కడితో ఆపేసినవి అవి.

చెరువు కింద సాగు చూసినవాళ్లకి ఇది విడమరిచి చెప్పక్కర్లేదు. కట్టకి గండి ఉంటే కాలవలో ఎన్ని నీళ్లు వదిలినా చెరువు నిండదు. ఇక్కడ కట్ట అన్‌బ్రేకింగ్, కాలవ మెండింగ్. పనిముట్ల వరకూ ముందు కట్ట వేయాల్సిందే. కవచాల దగ్గర మాత్రం ఈ మాట తిరగబడుతుంది, అది తర్వాత చెప్తాం.

లెక్క చూడండి. అన్‌బ్రేకింగ్ ఉన్న పనిముట్టుతో కొట్టిన ప్రతిసారీ ఈ దెబ్బకి అరగాలా వద్దా అని ఆట లోపల చీటీ తీస్తుంది. అన్‌బ్రేకింగ్ 1 అయితే సగటున రెండు దెబ్బలకి ఒకటి, 2 అయితే మూడింటికి ఒకటి, 3 అయితే నాలుగింటికి ఒకటి మాత్రమే అరుగుదల కింద పోతుంది. డైమండ్ పికాక్స్ మన్నిక 1561. దాని మీద అన్‌బ్రేకింగ్ 3 ఉంటే సగటున 6244 బ్లాకులు తవ్వుతుంది. డైమండ్ కన్నా మేలురకం నెదరైట్‌ది 2031, అది 8124 దాకా పోతుంది. అంటే అన్‌బ్రేకింగ్ 3 ఉన్న మామూలు డైమండ్ పికాక్స్ ముందు ఏ ఎన్‌చాంట్‌మెంటూ లేని నెదరైట్ పికాక్స్ మూడో వంతు కూడా మన్నదు. చీమకుర్తి క్వారీల్లో గ్రానైట్ తొలిచేవాళ్లని అడగండి, మిషన్ ఎంత పెద్దదైనా బిట్టు మన్నితేనే పని సాగుద్దని చెప్తారు. ఇదీ అంతే.

ఇక మెండింగ్. ఒక పాయింట్ ఎక్స్‌పీకి రెండు పాయింట్ల మన్నిక తిరిగొస్తుంది. పూర్తిగా అరిగిపోవచ్చిన డైమండ్ పికాక్స్ మళ్లీ నిండాలంటే 781 పాయింట్లు కావాలి. జాంబీ, స్కెలిటన్, క్రీపర్ లాంటివి ఒక్కోటి 5 పాయింట్లు ఇస్తాయి. 157 జాంబీలు చావాలన్నమాట. ఒట్టి మెండింగ్‌తో వెయ్యి రాళ్లు తవ్వితే ఆ అరుగుదల పూడ్చడానికి 500 పాయింట్లు, వంద జాంబీలు. అన్‌బ్రేకింగ్ 3 కూడా ఉంటే అదే వెయ్యి రాళ్లకి 125 పాయింట్లు, పాతిక జాంబీలు. ఇంకోలా చెప్పాలంటే ఒక్క పాయింట్ ఎక్స్‌పీ మెండింగ్ ఒక్కటే ఉంటే 2 బ్లాకులకి సరిపోతుంది, రెండూ ఉంటే 8 బ్లాకులకి. మెండింగ్ విలువని నాలుగింతలు చేసేది అన్‌బ్రేకింగే. మెండింగ్ లేకపోయినా అన్‌బ్రేకింగ్ తన పని తాను చేసుకుపోతుంది. అన్‌బ్రేకింగ్ లేని మెండింగ్ మాత్రం ఎక్స్‌పీ అంతా మింగేస్తుంది, ఎక్స్‌పీ కూడితే పెరిగే లెవెల్ గీత కదలను గాక కదలదు.

కవచాల సంగతికి వద్దాం. హెల్మెట్, చెస్ట్‌ప్లేట్, లెగ్గింగ్స్, బూట్ల మీద అన్‌బ్రేకింగ్ ఇంత గట్టిగా పనిచేయదు. వీటికి ఆట వేరే లెక్క వాడుతుంది. అన్‌బ్రేకింగ్ 3 ఉన్నా వంద దెబ్బల్లో సగటున 70 అరుగుదల కిందే పడతాయి. మన్నిక పెరిగేది 1.43 రెట్లే. డైమండ్ చెస్ట్‌ప్లేట్ 528 నుంచి సుమారు 754 దెబ్బల దాకా వెళ్తుంది, అంతే. అన్‌బ్రేకింగ్ 1 అయితే 1.25 రెట్లు. అందుకే మెండింగ్ పుస్తకాలు (సామానుకి మెండింగ్ ఎక్కించేవి) తక్కువున్నప్పుడు వాటిని కవచాలకి పెట్టి, పనిముట్లని అన్‌బ్రేకింగ్‌తో నడిపించుకోవడమే సరైన పద్ధతి. చాలామంది దీనికి సరిగ్గా ఎదురు చేస్తున్నారు. ఇంకొకటి, కవచం మీద థార్న్స్ వేసుకోకండి. మిమ్మల్ని కొట్టినవాడికి నొప్పి తిరిగి తగిలిన ప్రతిసారీ ఆ కవచం మామూలు కంటే ఎక్కువ అరుగుతుంది. మెండింగ్ పూడ్చేదంతా అటు పోతుంది.

వీటిని ఎక్కడ సంపాదించాలి? ముఖ్యమైనవి రెండు చోట్లు, రెండిటికీ తేడా బాగా తెలిసి ఉండాలి.

మొదటిది ఎన్‌చాంటింగ్ టేబుల్. 4 అబ్సిడియన్, 2 డైమండ్లు, ఒక పుస్తకం ఉంటే టేబుల్ తయారు. పూర్తి బలానికి చుట్టూ 15 బుక్‌షెల్ఫ్‌లు కావాలి. అంటే 45 పుస్తకాలు, వాటికి 45 తోళ్లు, 135 కాగితాలు, బుక్‌షెల్ఫ్‌లకి 90 చెక్క పలకలు. కాగితానికి చెరుకు ఒకటికొకటి లెక్క కాబట్టి 135 గడలు. ముందు చెరుకు తోట వేసుకోండి, ఆ తోట పుస్తకాలు అమ్మే లైబ్రేరియన్ దగ్గర కూడా అక్కరకొస్తుంది. బుక్‌షెల్ఫ్‌లకి, టేబుల్‌కి మధ్య సరిగ్గా ఒక బ్లాకు ఖాళీ వదలాలి. ఆ ఖాళీలో టార్చ్ పెట్టినా, కార్పెట్ పరిచినా ఆ షెల్ఫ్ బలం టేబుల్‌కి అందదు. "15 పెట్టినా టేబుల్ మీద 30 లెవెల్ వరస రావట్లేదు" అంటే తొంభై పాళ్లు కారణం అందంగా ఉంటుందని పరిచిన కార్పెటే. 30 లెవెల్ వరస నొక్కితే పోయేది 3 లాపిస్ (నీలి రాళ్లు), 3 లెవెల్సే. 30 నుంచి 27కి దిగుతారు, అది 306 పాయింట్లు. సున్నా నుంచి 30కి చేరడానికి 1395 పాయింట్లు పడుతుంది కాబట్టి ఒకసారి 30కి వచ్చాక అక్కడక్కడే తిరగడం చవక.

టేబుల్ ఒక్క ఎన్‌చాంట్‌మెంట్ పేరే ముందు చూపిస్తుంది. ఆ చూపించేది అన్‌బ్రేకింగ్ 3 అయ్యేదాకా ఆగండి. నచ్చని వరస వస్తే ఒక చెక్క పార పెట్టి ఒక లాపిస్, ఒక లెవెల్‌తో పై వరస నొక్కేయండి, జాబితా మారిపోతుంది. ఈ టేబుల్ దగ్గర మెండింగ్ మాత్రం ఎప్పటికీ రాదు. ఎన్నిసార్లు తిప్పినా రాదు. అది పెట్టెల్లో, చేపల వేటలో, లైబ్రేరియన్ దగ్గర దొరికే సరుకు.

లైబ్రేరియన్ అంగడి గురించి కాస్త తీరిగ్గా చెప్పాలి, ఎందుకంటే అందరి సహనం అయిపోయేది ఇక్కడే. పని లేని విలేజర్ (ఆటలోని ఊరి మనిషి) ముందు లెక్టర్న్ అనే పుస్తకాల బల్ల పెడితే లైబ్రేరియన్ అవుతాడు. ఆకుపచ్చ చొక్కా వేసుకున్నవాడు మాత్రం ఏ పనీ చేయడు, వాడి ముందు పెట్టి టైము పోగొట్టుకోకండి. లెక్టర్న్‌కి నాలుగు చెక్క స్లాబులు, ఒక బుక్‌షెల్ఫ్. వాడు అమ్మే పుస్తకం నచ్చకపోతే గొడ్డలితో లెక్టర్న్ కొట్టేసి మళ్లీ పెట్టండి, సరుకు మారుతుంది. ఒక్కసారి బేరం చేశారా, ఇక మారదు. కావలసింది కనబడగానే, వాడు కాగితాలు కొనేవాడైతే, 24 కాగితాలు వాడికి అమ్మేసి ఒక ఎమరాల్డ్ (విలేజర్ల దగ్గర చెల్లే డబ్బు) తీసుకుంటే బేరం ఖాయమైపోతుంది. ఎమరాల్డ్లు లేని రోజున ఇదే దారి. ఈ పనంతా వాడు పని చేసే పగటి వేళలోనే జరగాలి. రాత్రి లెక్టర్న్ పెట్టి నిలబడితే ఏమీ జరగదు.

మెండింగ్ ధర 10 నుంచి 38 ఎమరాల్డ్ల మధ్య ఉంటుంది, దానితోపాటు మామూలు పుస్తకం ఒకటి. కాగితాల్లో చెప్పాలంటే 240 నుంచి 912. ముప్పై దాటిన ధర చూపిస్తే ఓపికుంటే లెక్టర్న్ కొట్టి ఇంకోసారి తిప్పండి. కంప్యూటర్‌లో ఆడే జావా ఎడిషన్‌లో ఒక్కో తిప్పుకి పుస్తకం కనిపించే అవకాశం మూడింట రెండు, ఆ పుస్తకం నలభై దాకా ఉన్న ఎన్‌చాంట్‌మెంట్లలో ఏదైనా కావచ్చు. సగటున అరవై తిప్పులకి ఒక మెండింగ్ అనుకోండి. ఇక్కడే చాలామంది గమనించనిది ఒకటుంది. మెండింగ్‌కి ఒకటే లెవెల్. అన్‌బ్రేకింగ్‌కి మూడు, వాటిలో ఏది వస్తుందో చీటీయే. అంటే లైబ్రేరియన్ దగ్గర అన్‌బ్రేకింగ్ 3 దొరకడం మెండింగ్ కన్నా మూడింతలు కష్టం. కాబట్టి అన్‌బ్రేకింగ్ టేబుల్ దగ్గర, మెండింగ్ లైబ్రేరియన్ దగ్గర. రెండూ ఒకే అంగట్లో వెతకడం దండగ.

ధర తగ్గించుకోవాలంటే విలేజర్‌ని జాంబీ చేత కరిపించి, వీక్‌నెస్ స్ప్లాష్ పోషన్ విసిరి, గోల్డెన్ యాపిల్ తినిపించాలి. మూడు నుంచి అయిదు నిమిషాల్లో మామూలు మనిషవుతాడు, ధరలు బాగా దిగుతాయి. ఇది హార్డ్ మోడ్‌లోనే చేయండి. నార్మల్‌లో సగం మంది జాంబీ కాకుండా చచ్చిపోతారు, ఈజీలో ఒక్కడూ మిగలడు. వెతికి వెతికి పట్టిన మెండింగ్ మనిషిని అలా పోగొట్టుకుంటే మళ్లీ అరవై తిప్పులు. వరల్డ్ సెట్టింగుల్లో విలేజర్ ట్రేడ్ రీబ్యాలెన్స్ అనే ప్రయోగం ఆన్ చేసి ఉంటే ఈ లెక్కలేవీ పనికిరావు. అప్పుడు మెండింగ్ అమ్మేది చిత్తడి ప్రాంతపు లైబ్రేరియన్, అదీ మాస్టర్ అయ్యాకే.

చేపల వేట కూడా చెప్పుకోదగ్గదే. పులుసు పెట్టుకునే చేపలతోపాటు గాలానికి పుస్తకాలూ తగులుతాయి. నిధి పడే అవకాశం నూటికి 5, గాలం మీద లక్ ఆఫ్ ద సీ 3 ఉంటే 11 పైచిలుకు. చిన్న గుంటలో వేస్తే నిధులు పడవు, చుట్టూ విశాలంగా నీళ్లుండాలి. ఒక్కో చేపకి 1 నుంచి 6 పాయింట్ల ఎక్స్‌పీ వస్తుంది కాబట్టి మెండింగ్ ఉన్న గాలం అరగనే అరగదు. కానీ మెండింగ్ కోసమే దీని మీద కూర్చోవడం లైబ్రేరియన్‌తో పోలిస్తే ఆలస్యం.

పుస్తకాలు దొరికాక పాడయ్యేది యాన్విల్ దగ్గర, అంటే పుస్తకాన్ని సామానుకి ఎక్కించే దాగలి దగ్గర. యాన్విల్‌కే 31 ఇనుప కడ్డీలు పడతాయి. వాడిన ప్రతిసారీ నూటికి 12 పాళ్లు అది బీటలు వారుతుంది, సగటున పాతికసార్లకి పోతుంది. దానికన్నా పెద్ద చిక్కు ధర. ఒక సామాను యాన్విల్ మీదికి వెళ్లొచ్చిన ప్రతిసారీ దాని మీద వడ్డీలాగా అదనపు లెవెల్స్ పడతాయి: 1, 3, 7, 15, 31. ఒక పనికి 39 లెవెల్స్ దాటితే సర్వైవల్‌లో ఎర్ర అక్షరాలతో వద్దంటుంది, ఆ సామాను మీద ఆ పని ఇక జరగదు. అందుకే డైమండ్లతో యాన్విల్ మీద బాగుచేసుకుంటూ పోయే పికాక్స్ ఏదో ఒక రోజు ఆగిపోతుంది. మెండింగ్‌తో పూడితే ఈ వడ్డీ పడదు. మెండింగ్ అసలు గొప్పతనం అదే.

పుస్తకాలు ఎక్కించే వరస కూడా చూసుకోవాలి. ఏమీ లేని డైమండ్ పికాక్స్‌కి ఎఫిషియెన్సీ 5 (త్వరగా తవ్వడానికి), ఫార్చ్యూన్ 3 (ఎక్కువ సరుకు రాలడానికి), అన్‌బ్రేకింగ్ 3, మెండింగ్ వేయాలనుకుందాం. ముందు పికాక్స్ మీద ఫార్చ్యూన్, 6 లెవెల్స్. పక్కన ఎఫిషియెన్సీ పుస్తకం ఎడమ గడిలో, మెండింగ్ పుస్తకం కుడి గడిలో పెట్టి రెండూ కలిపేయండి, 2 లెవెల్స్. ఆ జంట పుస్తకం పికాక్స్ మీదికి, 9 లెవెల్స్. చివర్న అన్‌బ్రేకింగ్, 6. మొత్తం 23. ఇలా కాకుండా ఒక్కొక్క పుస్తకం నేరుగా ఎక్కిస్తూ పోతే 27 అవుతుంది. ఆ నాలుగు లెవెల్స్ తేడా పెద్దది కాదు. మొదటి పద్ధతిలో ఆ పికాక్స్ మీద నిలిచిపోయే వడ్డీ 7, రెండోదాంట్లో 15. తర్వాత ఇంకేదన్నా వేయాలన్నప్పుడు అది తెలుస్తుంది. నెదరైట్ చేయాలనుకుంటే ఇవన్నీ డైమండ్ మీదే పూర్తి చేసి, ఆఖర్న స్మితింగ్ టేబుల్ మీద మార్చుకోండి. ఎన్‌చాంట్‌మెంట్లు అలాగే ఉంటాయి, వడ్డీ పెరగదు.

మెండింగ్ పనిచేసే తీరులో ఒక మెలిక ఉంది. జాంబీ చచ్చిన చోట నుంచి ఎక్స్‌పీ పచ్చ గోళీలుగా టింగుమంటూ ఒంటి మీదికి వస్తాయి. అవి చేతిలో ఉన్న సామానుకి, రెండో చేతిలోదానికి, వేసుకున్న కవచానికి మాత్రమే అందుతాయి. బ్యాగులో ఉన్నదానికి చుక్క పోదు. అరిగినవి అయిదుంటే ఆ అయిదింట్లో ఏదో ఒకదానికి పోతుంది, ఎంచుకునే వీలు లేదు. పికాక్స్ తొందరగా నిండాలంటే ఫార్మ్ (జాంబీల్లాంటివాటిని పోగుచేసి చంపే చోటు) దగ్గర మెండింగ్ కవచం విప్పేసి, కత్తి ఒక చేత్తో, పికాక్స్ రెండో చేత్తో పట్టుకుని నిలబడండి. జావాలో ఎఫ్3, హెచ్ కలిపి నొక్కితే మన్నిక అంకెల్లో కనిపిస్తుంది, గీత రంగు చూసి ఊహించుకునే పనుండదు. ఫోన్‌లో ఆడే బెడ్‌రాక్‌లో రెండో చేతికి పికాక్స్ ఎక్కదు. అక్కడ కత్తితో కొట్టి, గోళీలు ఒంటిని తాకేలోపు పికాక్స్ గడి నొక్కేయాలి. కొలిమిలో కరిగిన ఇనుము తీసుకునేటప్పుడు కూడా అరిగిన సామాను చేతిలో ఉంచుకోండి, 64 కడ్డీలకి సుమారు 45 పాయింట్లు వస్తాయి.

ఫార్మ్ లేనివాళ్లకి మా సలహా నెదర్ అనే మంటల లోకంలో దొరికే నెదర్ క్వార్ట్జ్. ఒక్కో రాయికి 2 నుంచి 5 పాయింట్లు, సగటున మూడున్నర. తవ్వేటప్పుడు పడే అరుగుదల పక్కన పెడితే సుమారు 223 రాళ్లకి పూర్తిగా అరిగిన డైమండ్ పికాక్స్ నిండుతుంది. రాయిని రాయిలాగే తీసే సిల్క్ టచ్ పికాక్స్‌తో కొడితే మాత్రం ఎక్స్‌పీ సున్నా. సిల్క్ టచ్ మీద మెండింగ్ వేసి "తవ్వుతున్నా నిండట్లేదే" అనుకునేవాళ్లకి కారణం ఇదే. దాన్ని నింపాలంటే వేరేచోట ఎక్స్‌పీ తెచ్చుకోవాల్సిందే.

ఇక సామాను వారీగా. పార, నేల దున్నే హో, కత్తెర, చెకుముకి రాయి లాంటివాటికి అన్‌బ్రేకింగ్ చాలు, మెండింగ్ పుస్తకం వాటి మీద వృథా. గొడ్డలితో మనుషుల్ని, మృగాల్ని కొడితే ఒక్కో దెబ్బకి రెండు పాయింట్లు అరుగుతుంది, కత్తికి ఒకటే, కాబట్టి పోట్లాటకి కత్తి వాడండి. షీల్డ్ మన్నిక 336, అది టేబుల్ మీద ఎక్కదు, యాన్విల్ మీద పుస్తకమే వేయాలి. ట్రైడెంట్ (త్రిశూలం) విషయంలో ఆలోచించకుండా మెండింగ్ వేయండి. దాని మన్నిక 250 మాత్రమే, బాగుచేయడానికి ఏ ముడిసరుకూ లేదు, ఇంకో ట్రైడెంట్ బలివ్వాలి. అది దొరికేది మునిగిపోయిన జాంబీల దగ్గర, అదీ అరుదుగా.

విల్లు దగ్గర నిజంగా ఎంచుకోవాలి, ఎందుకంటే ఇన్ఫినిటీ, మెండింగ్ కలిసి ఉండవు. విల్లు మన్నిక 384, అన్‌బ్రేకింగ్ 3 ఉంటే సగటున 1536 బాణాలు. ఇన్ఫినిటీ ఉంటే బ్యాగులో ఒక్క బాణం చాలు. స్కెలిటన్ ఫార్మ్ ఉండి బాణాలు పెట్టెల కొద్దీ ఉన్నవాళ్లు మెండింగ్ వేసుకోండి. లేనివాళ్లకి ఇన్ఫినిటీ, అన్‌బ్రేకింగ్ 3 జత భలే బాగుంటుంది. అరిగినప్పుడు మూడు పుల్లలు, మూడు దారాలతో కొత్త విల్లు చేసి యాన్విల్ మీద కలిపేస్తే సరి, వడ్డీ పెరిగి ఎర్ర అక్షరాలు వచ్చేలోపు వేల బాణాలు వేసేసి ఉంటారు. పోషన్ పూసిన బాణాలకి మాత్రం ఇన్ఫినిటీ వర్తించదు.

ఎగరడానికి వేసుకునే రెక్కలు, అంటే ఎలిట్రాకి రెండూ వేయాలి, ఇందులో రెండో మాట లేదు. గాల్లో ఉన్న ప్రతి సెకనుకీ ఒక పాయింట్ అరుగుతుంది. మామూలుగా 7 నిమిషాల 11 సెకన్లకి ఆగిపోతుంది. ఛాతీ మీద వేసుకునేదైనా జావాలో దీనికి కవచం లెక్క కాకుండా పనిముట్టు లెక్కే పడుతుంది, కాబట్టి అన్‌బ్రేకింగ్ 3తో సగటున 28 నిమిషాల 44 సెకన్లు ఎగురుతుంది. ఒక పాయింట్ మిగిలాక ముక్కలైపోదు, ఎగరడం మాత్రం మానేస్తుంది. లావా సముద్రం మీద ఉండగా అలా ఆగితే ఆ ప్రయాణం అక్కడితో సరి. పూర్తిగా అరిగినదాన్ని నింపడానికి 216 పాయింట్లు చాలు, నలభై నాలుగు జాంబీలు. నెదర్‌లోకి బయలుదేరే ముందు గీత ఆకుపచ్చగా ఉందో లేదో చూసుకుని, ఫాంటమ్ పొరలు నాలుగు బ్యాగులో వేసుకోండి. యాన్విల్ మీద ఒక్కో పొర పావు వంతు నింపుతుంది.